యోమొగి మొలిచే గట్టు

మార్చి వచ్చేసరికి జపాన్‌ మిఠాయి దుకాణాల్లో అద్దాల వెనక ముదురాకుపచ్చ ఉండలు బారులు తీరతాయి. బియ్యప్పిండిలో యోమొగి అనే ఆకును నూరి కలిపి, లోపల తీపి పూర్ణం పెట్టి చేసే ఈ పిండివంటను కుసమోచి అంటారు. చిన్న ఉండలుగా చుట్టి పూర్ణం పక్కనో పైనో వడ్డిస్తే అది కుసదాంగో. పొలం గట్టున మొలిచిన ఆకును గిల్లి తెచ్చి చేసేవాళ్లు ఇంకా ఉన్నారు. ఎండబెట్టి పొడి కొట్టిన ఆకు పొట్లం కొని చేయడమూ మామూలైపోయింది. చూపుకు రెండూ ఒక్కలాగే ఉంటాయి. రుచిలో తేడా ఉందనేవాళ్లు కొందరు, పట్టించుకునేంత లేదనేవాళ్లు కొందరు. ఆ తగవు ఎటు తేలినా అసలు ప్రశ్న అలాగే ఉంటుంది. ఈ వంట చేసే పద్ధతికి వచ్చిన ముప్పేమీ లేదు. అది పుస్తకాల్లో, వీడియోల్లో పదిలంగా ఉంది. ముప్పు వచ్చింది ఆకు కోసే పనికి, ఆ పనికి చోటిచ్చే నేలకి. సంప్రదాయ ఆహారాన్ని కాపాడతామంటూ ప్రభుత్వాలు, సంస్థలు పడే తాపత్రయమంతా వంటకం చుట్టూనే తిరుగుతోంది. అందులో సగమైనా పొలం గట్టు మీద పెట్టి ఉంటే ఇంతకంటే ఎక్కువ మిగిలేదని నా వాదన.

ముందు ఆ పని ఎలా సాగుతుందో దగ్గరగా చూడాలి, ఎందుకంటే ఆధారాలన్నీ అక్కడే ఉన్నాయి. యోమొగి నేల లోపల పాకే వేళ్లతో ఏటేటా మళ్లీ లేచే మొక్క. చలి వెనక్కి తగ్గి, ఎండిన గడ్డి సందుల్లోంచి చిగుళ్లు తల ఎత్తే రోజుల్లో కొసనున్న లేత ఆకుల్నే గిల్లాలి. కొన్ని వారాలు ఆలస్యమైతే కాడ పీచుబారుతుంది, ఆకు చేదెక్కుతుంది. ఆకు పైవైపు మామూలు పచ్చగా ఉంటుంది. తిప్పి చూస్తే అడుగంతా విభూతి అద్దినట్టు తెల్లటి నూగు. ముదిరిన ఆకుల్ని ఎండబెట్టి, దంచి, జల్లించి ఆ నూగును మాత్రమే పోగుచేస్తే మోగుస అవుతుంది. ఒంటి మీద వాత స్థానాల్లో పెట్టి కాల్చే పాతకాలపు వైద్యానికి వాడేది అదే. షిగా ప్రాంతంలోని ఇబుకి కొండకు ఆ మోగుస వల్లే పేరు. వంటకు వచ్చే లేత ఆకును మాత్రం ఏరి, కడిగి, మరిగే నీళ్లలో చిటికెడు వంట సోడా వేసి ఉడికిస్తారు. సోడా లేని రోజుల్లో కట్టెల బూడిద కలిపి తేర్చిన నీళ్లు ఆ పని చేసేవి. క్షారం పీచును మెత్తబరుస్తుంది, పచ్చదనాన్ని నిలబెడుతుంది, వగరును లాగేస్తుంది. చెయ్యి కాస్త ఎక్కువ పడితే ఆకు జావైపోతుంది, తక్కువైతే పీచు పళ్ల సందున ఇరుక్కుంటుంది. నీళ్లు చూస్తుండగానే మురికి పచ్చగా, ఆ తర్వాత ఇంచుమించు గోధుమ రంగుకి తిరుగుతాయి. ఆకును తీసి చన్నీళ్లలో వేసి, నీళ్లు మార్చి, పిడికిట్లో గట్టిగా పిండి, సన్నగా తరిగి, లోపలంతా గాట్లు పెట్టిన మట్టి రోట్లో కర్రతో నూరతారు. బుట్ట నిండా తెచ్చిన ఆకు చివరికి గుప్పెడు ముద్దగా తేలుతుంది.

పిండి సంగతి వేరే కథ. జోషిన్‌కో అంటే మామూలు బియ్యాన్ని కడిగి ఆరబెట్టి పట్టిన పిండి. షిరతమాకో అంటే జిగురు బియ్యాన్ని నీళ్లతో రుబ్బి, వడగట్టి, ఎండబెట్టిన పలుకుల పిండి. జిగురు బియ్యంలో అమైలోజ్ దాదాపు ఉండదు, పిండిపదార్థమంతా అమైలోపెక్టినే. అందుకే లాగితే తెగకుండా సాగుతుంది. మన సన్నబియ్యంతో ఆ సాగుడు రాదు, ఉండ్రాయి నోట్లో విరిగినట్టు విరుగుతుంది. ఇళ్లను బట్టి, ఊళ్లను బట్టి ఈ రెండు పిండ్ల పాళ్లు మారతాయి. ఆవిరి మీద ఉడికించి, చెయ్యి కాలేంత వేడిలోనే ఆకు ముద్ద వేసి మర్దించడం మాత్రం అందరికీ ఒకటే. పూర్ణానికి అజుకి అనే ఎర్రటి చిన్న గింజలు వాడతారు. అవి మన పెసలకు, అలసందలకు దాయాదులు. పైన చల్లడానికి వేయించి పొడి కొట్టిన సోయా గింజలు.

ఆకు కూడా మనకు పరాయిదేం కాదు. యోమొగి ఆర్టెమిసియా మొక్కల్లో ఒకటి. వినాయక చవితి నాడు ఇరవై ఒక్క పత్రుల్లో మొట్టమొదట చదివే మాచిపత్రి, పూలదండల్లో కట్టే దవనం కూడా ఆ కుదురులోవే. అదే పూజలో దేవుడి ముందు బియ్యప్పిండి కుడుములు, ఉండ్రాళ్లు ఉంటాయి. ఆకు, ఉండ్రాయి మన దగ్గర పక్కపక్కనే కూర్చున్నా ఎన్నడూ కలవలేదు: ఆకు దేవుడికి, ఉండ్రాయి మనకు. జపాన్‌లో రెండూ ఒకే రోట్లో పడ్డాయి. దీన్నిబట్టి రెండు దేశాల మధ్య ఏదో పురాతన చుట్టరికం ఉందని కథ అల్లనక్కర్లేదు. ఘాటైన వాసన చెడును తరుముతుందన్న నమ్మకం ఆసియాలో చాలాచోట్ల ఉంది. జపాన్‌లో ఐదో నెల ఐదో రోజున యోమొగితో పాటు ఇంటి చూరుకు కట్టే ఆకు, పసిపిల్లలకు మనం అరగదీసి నాకించే వస మొక్కదే. ఇక్కడ పనికొచ్చే విషయం ఇంకొకటి. చవితి ముందురోజు నగరాల్లో కట్టలుగా అమ్మే పత్రిలో మాచిపత్రి ఏదో, అసలు ఉందో లేదో చెప్పగలిగిన కొనుగోలుదారులు ఎందరు? మంత్రం తప్పకుండా చదువుతాం, పళ్లెంలో చేతికి తగిలిన ఆకు వేస్తాం. పూజా విధానానికి ఏ లోటూ రాలేదు. ఆకును గుర్తుపట్టే కన్ను మాత్రం పోయింది. కుసమోచి కూడా ఆ దారిలోనే నడుస్తోంది.

దీనికి ఎదురయ్యే గట్టి అభ్యంతరం చరిత్ర నుంచే వస్తుంది. జపాన్‌ ఆస్థానంలో 879లో పూర్తయిన మొంతొకు చక్రవర్తి కాలపు చరిత్ర గ్రంథం, 850 నాటి సంగతులు చెబుతూ ఒక ఆచారాన్ని ప్రస్తావిస్తుంది: మూడో నెల మూడో రోజున ఆడవాళ్లు ఒక మొక్కను కోసి, ఆవిరి పట్టి, దంచి పిండివంట చేస్తారని. ఆ మొక్క యోమొగి కాదు, హహకొగుస అనే పసుపు పూల చిన్న మొక్క. గోగ్యో అన్న పేరుతో, జనవరి 7న గంజిలో వేసుకునే ఏడు ఆకుల్లో అదీ ఒకటి. తర్వాతి కాలంలో యోమొగి దాన్ని పక్కకు నెట్టింది. మార్చి 3న బొమ్మల పండుగకు పెట్టే మూడు రంగుల హిషిమోచిలో పచ్చ పొర ఇప్పుడు యోమొగిదే. జపాన్‌ దాటితే దక్షిణ చైనాలో చింగ్‌మింగ్ పండుగ నాటి పచ్చ ఉండలకు, కొరియా వాళ్ల సుక్‌తొక్‌కు యోమొగి బంధువులను వాడతారు. ఉత్తర వియత్నాం బాన్ ఖుక్‌లో హహకొగుస కుదురు ఆకు ఇంకా నిలిచి ఉంది. అంటే ఆకే మారిపోయిన వంట ఇది. వెయ్యేళ్లలో మొక్కను మార్చుకోగలిగినవాళ్లు ఇప్పుడు ఆకు బదులు పొడి వాడితే కొంప మునిగిందా అని అడగడం న్యాయమే.

కానీ ఆ మార్పు జరిగిన తీరు చూడాలి. హహకొగుస, యోమొగి రెండూ ఊరి పొలాల దగ్గర, గట్ల మీద, వసంతంలో దొరికేవే. ఒక మొక్కను వదిలి ఇంకో మొక్కను పట్టుకున్న మనిషి అంతకుముందు నడిచిన చోటే నడిచాడు, వంగిన చోటే వంగాడు, చూసిన రుతువునే చూశాడు. చేతిలో ఆకు మారింది కానీ చెయ్యి చేసే పని మారలేదు. నిజానికి మార్చుకోగలగడమే ఆ జ్ఞానం బతికి ఉందనడానికి గుర్తు: రెండు మొక్కలూ తెలిసినవాడే ఒకదానికి బదులు ఇంకొకటి ఎంచుకుంటాడు. పొట్లానికి అలవాటుపడ్డవాడికి ఆ ఎంపిక లేదు. రేపు యోమొగి దొరకకపోతే ఏం వాడాలో అతనికి పొట్లం అమ్మేవాడే చెప్పాలి.

ఇక ఆకు మొలిచే చోటు గురించి. యోమొగిని అడవి ఆకు అనడం అలవాటు గానీ, దట్టమైన అడవిలో అది బతకదు. దానికి ఎండ కావాలి, మనిషి కదిపిన నేల కావాలి: పొలం గట్లు, కాలువ ఒడ్లు, నది కరకట్టలు, బాటల అంచులు. జపాన్‌ వరి రైతు వసంతం నుంచి శరత్తు దాకా గట్టు గడ్డిని పదేపదే కోస్తాడు. గట్టు గట్టిగా ఉండాలని కొంత, గింజ మీద మచ్చ తెచ్చే కంపు నల్లులకు గడ్డిలో చోటు దొరకకూడదని కొంత. కోసిన ప్రతిసారీ ఎత్తుగా పెరిగే మొక్కలు దెబ్బతింటాయి. నేలలో వేళ్లు దాచుకున్న యోమొగి మళ్లీ చిగురేస్తుంది. కొడవలి దాని శత్రువులా కనిపించే మిత్రుడు. ఎవరూ విత్తకపోయినా ఎవరో ఒకరి చాకిరీ మీద బతికే పంట అది. రైతు ముసలివాడై పొలం వదిలేస్తే తొలి ఏళ్లలో యోమొగి విచ్చలవిడిగా పెరుగుతుంది, తర్వాత రెల్లు లాంటి పొడవాటి గడ్డి, కుద్జు తీగ, వెదురు వచ్చి దాన్ని కప్పేస్తాయి. జపాన్‌ జనాభాలో 65 ఏళ్లు దాటినవాళ్లు సుమారు 29 శాతం. సేద్యమే ప్రధాన వృత్తిగా ఉన్నవాళ్ల సగటు వయసు 70కి దగ్గరగా ఉంది. కొండవాలు పొలాల గట్లు కోయడం ఒళ్లు హూనమయ్యే పని, అందుకే అవే ముందు బీడు పడుతున్నాయి. ఊరికీ కొండకూ మధ్య మనిషి చేతితో నిలిచిన ఈ నేలలకు జపాన్‌లో సతోయామ అన్న పేరుంది. 2010లో నగోయలో జరిగిన జీవవైవిధ్య సదస్సులో ఆ పేరుతోనే ఒక అంతర్జాతీయ కార్యక్రమం మొదలైంది. ఆ సదస్సు తర్వాతి సమావేశం 2012లో మన హైదరాబాద్‌లోనే జరిగింది. మనిషి తాకని అడవినే కాక, మనిషి తాకడం వల్లే బతికే నేలనూ లెక్కలోకి తీసుకోవాలన్నది సతోయామ ఆలోచన సారం. పొలం గట్టును కూడా ప్రకృతిగా చూడలేనివాళ్లకు అది ఇప్పటికీ కొరుకుడుపడదు.

ఆకు కోసే జ్ఞానం అంటే ఏదో మనసుకు హాయినిచ్చే కాలక్షేపం అనుకునేవాళ్లు వసనాభి సంగతి గుర్తుంచుకోవాలి. జపాన్‌ కొండల్లో దాన్ని తొరికబుతో అంటారు. లేత దశలో దాని చీలికల ఆకు యోమొగిని పోలి ఉంటుంది, తింటే గుండె లయ తప్పి ప్రాణం పోవచ్చు. తేడా పట్టడానికి రెండే గుర్తులు: వసనాభి ఆకు అడుగున తెల్లటి నూగు ఉండదు, నలిపితే యోమొగి వాసన రాదు. ఇలాంటి పొరపాట్ల గురించి అక్కడి ఆరోగ్య శాఖ ఏటా వసంతంలో హెచ్చరికలు జారీ చేస్తుంది. వెల్లుల్లి వాసనొచ్చే నిరా ఆకు అనుకుని డాఫొడిల్ ఆకు వండుకున్నవాళ్లు, సెరి అనే నీటి మొక్క అనుకుని విషపు సెరి తిన్నవాళ్లు ఆ హెచ్చరికల్లో కనిపిస్తూనే ఉంటారు. అందుకే కోయడమే మానేసి దుకాణంలో కొనుక్కోండి అనేవాళ్లున్నారు. తెలియనివాళ్లకు ఆ సలహా సరైనదే, దాన్ని ఎవరూ తోసిపుచ్చకూడదు. అయితే దాన్ని అందరికీ విధానంగా చేస్తే ఫలితం తలకిందులవుతుంది. ప్రమాదం తెలియనితనం వల్ల వచ్చింది. కోయడం మాన్పిస్తే తెలిసినవాళ్లు కూడా ఒక తరంలో తెలియనివాళ్లవుతారు. ఆకు తిప్పి అడుగు చూడాలన్న సంగతి బొమ్మ చూపించి చెప్పొచ్చు. కానీ తడి ఆకు మీద నూగు ఎంత మసకగా కనిపిస్తుందో, రెండు మొక్కలు ఒకదాన్నొకటి పెనవేసుకుని మొలిచినప్పుడు గిల్లే వేళ్లు ఎక్కడ ఆగాలో పక్కన ఒకరు నిలబడి చూపిస్తేనే వస్తుంది.

2011 ఫుకుషిమా అణు ప్రమాదం తర్వాత జరిగింది ఈ వాదనకు అన్నిటికన్నా బలమైన సాక్ష్యం, అన్నిటికన్నా చేదైనదీ. 2012 ఏప్రిల్ నుంచి జపాన్‌ మామూలు ఆహార పదార్థాల్లో రేడియోధార్మిక సీజియం కిలోకు 100 బెకరెల్‌లు మించకూడదని నిబంధన పెట్టింది. వరి విషయంలో రాష్ట్రం పూనుకుని పనిచేసింది. పొలాల్లో పొటాష్ వేసి మొక్క సీజియం పీల్చకుండా అడ్డుకున్నారు, 2012 పంట నుంచి ఫుకుషిమా బియ్యం బస్తాలన్నిటినీ యంత్రాలతో పరీక్షించారు. 2015 పంట నుంచి పరిమితి దాటిన బస్తా ఒక్కటి కూడా తేలలేదు. కొండల్లో దొరికే చిగుళ్ల గతి వేరు. కొషిఅబుర అనే చెట్టు లేత రెమ్మలు సీజియాన్ని బాగా పీల్చుకుంటాయి. ఫుకుషిమాలోనే కాక చుట్టుపక్కల రాష్ట్రాల్లోని చాలా ఊళ్లలో వాటి అమ్మకాలపై ఆంక్షలు ఏళ్ల తరబడి కొనసాగాయి. అడవిని కడగలేరు, అడవికి పొటాష్ వేయలేరు. గట్టు మీది యోమొగి పరిస్థితి కొండ చిగుళ్లంత అధ్వానం కాదు, ఆ తేడా చెప్పి తీరాలి. అయినా ఈ అనుభవం ఒక విషయం తేల్చింది: విత్తే పంట చెడితే ప్రభుత్వం డబ్బుతో, యంత్రాలతో దారిలో పెట్టగలదు. విత్తకుండా దొరికేది చెడితే దానికి యజమాని లేడు, నష్టపరిహారపు లెక్క కూడా సరిగ్గా తేలదు. కోయడానికి వెళ్లే అవ్వలు ఆగిపోయారు, వెంట వెళ్లాల్సిన పిల్లలు ఆకు చూడకుండానే పెద్దవాళ్లవుతున్నారు. వంటకం పేరు ఏ జాబితాలోంచీ పోలేదు. నేర్పే గొలుసు మాత్రం తెగింది.

ఆకు కోసే పనిని కాపాడాలనడం ఆడవాళ్ల నెత్తిన మళ్లీ పాత చాకిరీ మోపడమేనన్న విమర్శను తేలిగ్గా తీసుకోకూడదు. 850 నాటి ఆచారంలోనే కోసేది, దంచేది ఆడవాళ్లు. కోయడం, ఏరడం, ఉడికించడం, పిండడం, నూరడం ఒక పూట పని. పొట్లం దాన్ని అరచెంచాకు కుదించింది. ఆ వెసులుబాటును తప్పుపట్టే హక్కు ఎవరికీ లేదు. పాత వంటల గొప్పతనం గురించి వ్యాసాలు రాసే మగవాళ్లకు అసలే లేదు. నేను కోరేది ప్రతి ఇల్లూ ఆకు నూరాలని కాదు, కావాలనుకున్నవాళ్లకు ఆకు దొరకాలని. ఆ పనికి తగిన కూలి దొరికితే సంగతి ఎలా మారుతుందో జపాన్‌లోనే చూడొచ్చు. 1993లో అధికారికంగా మొదలైన రహదారి విడుదుల్లో, ఊరి రైతుల అమ్మకపు దుకాణాల్లో పల్లె మహిళల బృందాలు చేసిన కుసమోచి డబ్బు తెచ్చింది, వాళ్ల చేతి పనికి వాళ్ల పేరు మీద గుర్తింపూ తెచ్చింది. నీగత ప్రాంతం వాళ్లు యోమొగి ఉండను వెదురు జాతి ఆకులో చుట్టి నారతో కట్టి అమ్మే ససదాంగో, టోక్యో అంచున షిబమతలో గుడి వీధి కుసదాంగో అలాంటి ఆదరణ మీద నిలిచినవే. షిబమతకు అంత పేరు రావడానికి 1969లో మొదలైన తోరా-సాన్ సినిమాలు కూడా కారణం. అందులో కథానాయకుడి బంధువులది దాంగో కొట్టే.

అయితే ఇలా ఇంటి వంట అమ్ముకునే పల్లెవాళ్ల మీద రాజ్యం చెయ్యి ఎలా పడిందో కూడా చూడాలి. 2018లో సవరించిన ఆహార పరిశుభ్రత చట్టం కింద ఊరగాయలు చేసి అమ్మేవాళ్లకు లైసెన్సు తప్పనిసరైంది. గడువు 2024 మే నెలాఖరుతో ముగిసింది. విడిగా వంటగది, నిబంధనల ప్రకారం తొట్టెలు, కొళాయిలు ఏర్పాటు చేసుకోలేక చాలామంది ముసలివాళ్లు జాడీలు బోర్లించేశారు. చట్టం ఉద్దేశం మంచిదే, అంతకుముందు ఊరగాయ తిని జబ్బుపడి చనిపోయినవాళ్లు ఉన్నారు. కానీ వస్తువును మాత్రమే చూసే నియమం చేసే మనిషిని చూడదు. పచ్చళ్ల గురించి తెలుగువాళ్లకు ఇంతకంటే విప్పి చెప్పనక్కర్లేదు. యునెస్కో 2013లో జపాన్‌ ఆహార సంప్రదాయాన్ని వారసత్వ జాబితాలో చేర్చినప్పుడు ప్రకృతి పట్ల గౌరవం, రుతువులతో ముడిపడిన తిండి అన్న మాటలే ముందు నిలిచాయి. మాటలు నిజమే. ఆ తర్వాత ప్రచారంలో ఎక్కువ వెలిగినవి మాత్రం పళ్లెం, విందు, పర్యాటకం. గట్టు కోసిన రైతు ఏ ఫొటోలోనూ కనిపించడు.

అందరూ కోయడానికి బయల్దేరితే మొక్కే మిగలదన్నది ఒక అభ్యంతరం, ఆ నేల ఎవరిది అన్నది ఇంకొకటి. రెండోది నిజమైన చిక్కు. జపాన్‌ అటవీ చట్టం 197వ సెక్షన్ ప్రకారం అడవిలో యజమాని అనుమతి లేకుండా ఉత్పత్తులు తీసుకెళ్లడం దొంగతనం. మూడేళ్ల వరకు జైలు లేదా 3 లక్షల యెన్‌ల వరకు జరిమానా. కొండ చిగుళ్లకు మార్కెట్లో ధర పలుకుతుంది కాబట్టి కార్లలో వచ్చి చెట్టు కొమ్మలతో సహా నరుక్కుపోయేవాళ్ల మీద ఊళ్లకు కోపం ఉంది, అది సహేతుకం. యోమొగి అలాంటి సరుకు కాదు. కొస గిల్లితే పక్క నుంచి రెండు రెమ్మలు వేస్తుంది. వేరు పెకలించనంత వరకు దాన్ని కోసి తరిగించడం కష్టం. దాన్ని నిజంగా చంపేది కలుపు మందు. గట్టు కోసే ఓపిక లేక మందు కొడితే గడ్డితో పాటు వేళ్లూ చస్తాయి, వేళ్లు పట్టి ఉంచిన మట్టి వానకు జారుతుంది, గట్టే కుంగుతుంది. మందు కొట్టిన గట్టు ఏదో పక్క ఊరివాళ్లకు తెలియదు కాబట్టి, కొట్టని గట్టు మీది ఆకునూ ఎవరూ ముట్టుకోరు. వాహనాల పొగ తగిలే రోడ్డు అంచున, కుక్కల్ని తిప్పే కరకట్ట మీద కోయకూడదన్న జాగ్రత్త సరే సరి.

పొడి వాడితే ఏం పోతుందన్న మొదటి ప్రశ్నకు ఇప్పుడు జవాబు సులువు. ఎండబెట్టిన ఆకులో తేలిగ్గా ఎగిరిపోయే సువాసన ద్రవ్యాలు కొంత తగ్గుతాయి, రంగు కాస్త మందగిస్తుంది. మంచి పొడి ఈ రెండు లోట్లనూ చాలావరకు పూడుస్తుంది. ఏడాది పొడవునా కుసమోచి తినాలనుకునే నగరవాసికి అది చక్కటి సరుకే. పొడిని తరిమెయ్యాలనడం మూర్ఖత్వం. పొడి కూడా ఎక్కడో ఎవరో కోసిన ఆకే అన్న సంగతి పొట్లం మీద రాసి ఉంటే, అంటే ఏ ఊరి ఆకో, పెంచిందో గట్టు మీదిదో తెలిస్తే, కొనేవాడి డబ్బులో కొంత ఆ గట్టుదాకా వెళ్లే దారి ఏర్పడుతుంది.

అసలు ఖర్చు పెట్టాల్సింది గట్టు మీద. జపాన్‌ 2000 నుంచి కొండప్రాంత పొలాలకు ప్రత్యక్ష చెల్లింపుల పథకం నడుపుతోంది: ఊరివాళ్లు ఒప్పందం రాసుకుని పొలాలు బీడు పడకుండా చూస్తే, కాలువలు, గట్లు బాగుచేసుకుంటే ఎకరాల లెక్కన సొమ్ము ఇస్తుంది. ఆహార సంస్కృతి పేరుతో దానికి ఏ ప్రచారమూ లేదు, వ్యవసాయ శాఖ లెక్కల్లో ఒక పద్దుగానే ఉంది. అయినా యోమొగిని నిలబెట్టడంలో వంటల పోటీలకన్నా, వారసత్వ ధ్రువపత్రాలకన్నా ఆ పద్దుదే పెద్ద చెయ్యి అని నా అంచనా. ఆ సొమ్ములో, మందు కొట్టకుండా యంత్రంతోనో కొడవలితోనో గట్టు కోసే ఊళ్లకు కొంత అదనంగా ఇవ్వాలి. ఊరి బడి పిల్లలకు గట్టు మీద ఆకు గుర్తుపట్టడం నేర్పే అవ్వకు వంటల పాఠం చెప్పే టీచరుకిచ్చినట్టే రోజుకూలి ఇవ్వాలి, వసనాభి మొక్క కూడా పక్కన పెట్టి చూపించమనాలి. యోమొగి చిగుళ్లు బాగా వచ్చే ఆ కొద్ది వారాలు తొలి కోతను ఆపితే చాలు, రైతుకు పైసా నష్టం లేదు. కంపు నల్లుల బెడద వరి వెన్ను తీసే కాలానిది, చిగురు దొరికే కాలానిది కాదు. ఏ వారం నుంచి ఏ వారం దాకా అన్నది ఊరి ఎత్తును, చలిని బట్టి మారుతుంది కాబట్టి ఆ తేదీని టోక్యోలో నిర్ణయించకుండా ఊరి ఒప్పందానికే వదిలెయ్యాలి.